తంగేటి జున్ను, తోలు పదును

సులువుగా చేతికందే మంచి వస్తువును మన పెద్దలు 'తంగేటి జున్ను' అన్నారు. ఈ పలుకుబడి ఇప్పుడు నోళ్లలో పలచబడింది గాని నిఘంటువుల్లో పదిలంగానే ఉంది. వినగానే ఒక సందేహం వస్తుంది. జున్ను అంటే ఈనిన గేదె ముర్రుపాలలో బెల్లం, మిరియాలపొడి వేసి వండుకునేది కదా, అది తంగేడు చెట్టు మీదికి ఎలా ఎక్కింది?

ఇక్కడి జున్ను తేనెపట్టు. తెలుగులో జున్నుకు ముర్రుపాల ముద్ద, తేనెపట్టు అని రెండర్థాలూ ఉన్నాయి. కన్నడంలో దీని చుట్టమైన 'గిణ్ణు' పాల దగ్గరే ఉంది. గుల్లగుల్లగా, మెత్తగా, తియ్యగా ఉండే ముద్ద అన్నదే రెండు అర్థాలనూ కలిపిన గుణం అనుకుంటాను. ఇంకో సాక్ష్యం కూడా ఉంది. కన్ను 'కంటి' అవుతుంది, మిన్ను 'మింటి' అవుతుంది. అదే తీరున జున్ను 'జుంటి' అవుతుంది. మనం రోజూ అనే జుంటి తేనె, జుంటీగ ఆ జున్నులోంచి వచ్చినవే. జుంటి తేనె అంటే పట్టులోంచి పిండిన తేనె.

ఇక తంగేడు. ఇది పెద్ద చెట్టు కాదు, పొద. నడుమెత్తు నుంచి మనిషెత్తు దాకా పెరుగుతుంది. పెద్ద తేనెటీగలు కొండచరియలకూ మర్రికొమ్మలకూ పట్టు పెడితే, చిన్న తేనెటీగ ఇలాంటి పొదల్లోనే అరచేయంత పట్టు కడుతుంది. నిచ్చెన అక్కర్లేదు, పొగ పెట్టక్కర్లేదు, దారిన పోయేవాడు చేయి చాస్తే చాలు. ఆ పలుకుబడిని పుట్టించినవాడికి తేనెటీగల స్వభావం, పొదల ఎత్తు రెండూ బాగా తెలుసు.

తంగేడు 'తంగేటి' ఎందుకైంది అన్నది వ్యాకరణం సంగతి. నాడు నాటి, గూడు గూటి, కాడు కాటి, ఏడు ఏటి అయినట్టే ఇదీ. చిన్నయసూరి బాలవ్యాకరణం (1858) వీటిని ఔపవిభక్తికాలు అంది. తమిళంలో నాడు 'నాట్టు', కాడు 'కాట్టు' అవుతాయి. అక్కడ ద్విత్వంగా నిలిచిన టకారం మన దగ్గర దీర్ఘం తర్వాత ఒంటి టకారమై ఊరుకుంది. ఇంత పాత మార్పును ఒక అడవి పొద పేరు ఇప్పటికీ మోస్తోంది. మారేడు, నేరేడు దీనికి పేరులో అన్నదమ్ములే. అయినా మారేడు దళం, నేరేడు పండు అంటాం తప్ప టకారం జోలికి పోం. తంగేటికి మాత్రం జున్ను తోడుంది కాబట్టి ఆ రూపం చెక్కుచెదరలేదు. పలుకుబడిలో ఇరుక్కున్న రూపం వ్యాకరణం మారినా మారదు.

ఈ ముగ్గురూ ఊళ్ల పేర్లలోకీ ఇంటిపేర్లలోకీ విరివిగా దిగారు. సికింద్రాబాదులో మారేడుపల్లి ఉంది, నేరేడ్‌మెట్ ఉంది. మన్యంలో మారేడుమిల్లి ఉంది. ధ్వన్యనుకరణ సమ్రాట్టు నేరెళ్ళ వేణుమాధవ్ ఇంటిపేరులో ఉన్నది నేరేళ్లే. తంగేడుకు పల్నాడులో కృష్ణ ఒడ్డున కోట ఉన్న తంగెడ ఉంది, చౌటుప్పల్ దగ్గర తంగడపల్లి ఉంది, సిరిసిల్ల దగ్గర తంగళ్ళపల్లి, ఏలూరులో తంగెళ్ళమూడి ఉన్నాయి. ఊరికి పేరు పెట్టినవాళ్లు మొదట చూసింది అక్కడి నేలనే. తంగేడు ఎర్రనేలల్లో, రాళ్ల గట్ల మీద, వాన తక్కువ చోట్ల గుంపులుగా పెరుగుతుంది. తంగేడు పేరున్న ఊరు తొలినాళ్లలో మెట్టపొలాల ఊరై ఉంటుందని ఊహించడానికి పెద్ద సాహసం అక్కర్లేదు.

పేరు మూలం దగ్గరికి వస్తే, ముందు రెండు ఉచ్చులు తప్పించుకోవాలి.

మొదటిది బంగారపు ఉచ్చు. తమిళంలో బంగారాన్ని 'తంగం' అంటారు, ఈ పువ్వు పచ్చని బంగారం రంగులో ఉంటుంది, కనుక తంగేడు బంగారు చెట్టు అని ఎవరికైనా చప్పున తోస్తుంది. ఎంత ముచ్చటైన వ్యుత్పత్తి! కాని తంగం అనే తమిళులు ఈ పొదను ఆవిరై అంటారు, ఆవారం అంటారు, తంగం ఊసే ఎత్తరు. తంగేడు అనే మనం బంగారాన్ని పసిడి అన్నాం, పైడి అన్నాం, తంగం అనలేదు. బంగారం మాట ఒక ఇంట్లో, చెట్టు మాట ఇంకో ఇంట్లో ఉన్నప్పుడు రెండింటికీ పెళ్లి చేయడం పెద్దల పద్ధతి కాదు.

రెండోది ఇంగ్లీషు ఉచ్చు. తోలు పదును చేయడాన్ని ఇంగ్లీషులో 'టాన్' అంటారు, చెట్ల చెక్కలో ఉండే ఆ వగరు సారం 'టానిన్'. మన తంగేడు చెక్క కూడా తోలు పదునుకే వాడారు. శబ్దమూ అర్థమూ రెండూ కలిసొచ్చాయే అని మనసు పొంగుతుంది. కాని ఆ టాన్ మధ్యయుగపు లాటిన్‌లో ఓక్ చెట్టు బెరడుకున్న పేరు. దానికి ముందు కెల్టిక్ భాషల ఓక్ చెట్టు ఉందంటారు. ఆ కెల్టిక్ సీమల నుంచి మన తెలుగు గట్లకు దారి లేదు. ఇది వట్టి యాదృచ్ఛికం, అంతే.

నిజమైన చుట్టం పక్కింట్లోనే ఉంది. కన్నడంలో ఇది తంగడి. నేరేడుకు కన్నడంలో నేరళె ఉన్నట్టే తంగేడుకు తంగడి. చివరి తోకను పక్కన పెడితే 'తంగ్' మిగులుతుంది. ఇదే కుటుంబంలో తగిరిస అని ఇంకో మొక్క ఉంది. వానాకాలం బీళ్లలో అదే మొలుస్తుంది, దానివీ పచ్చపూలే. దాన్ని తమిళులు తకరై అంటారు. తగ్, తంగ్ ఒకటేననీ, మధ్యలో అనునాసికం వచ్చి చేరిందనీ నా అనుమానం. ద్రావిడ భాషల్లో అనునాసికం ఇలా వచ్చిపోతూ ఉండడం కొత్త కాదు. అనుమానమే గనుక దీని మీద మేడలు కట్టను. కాని తగిరిసను ఊరికే వదలడానికి మనసొప్పదు, అద్దకంలో దానికి ఘనమైన చోటుంది. నీలిమందు నీళ్లలో కరగదు, దాన్ని పులియబెట్టాలి. దక్షిణదేశపు నీలి తొట్లలో ఆ పులుపుకు ఉడకబెట్టిన తగిరిస గింజలే వేసేవారు. తొట్టిలోంచి తీసిన నూలు మొదట పచ్చగా కనిపించి, గాలి తగిలేకొద్దీ కళ్లముందే నీలమవుతుంది. పచ్చపూల మొక్క గింజ నీలిరంగును బట్టకు పట్టించడం చూడముచ్చటైన సంగతి.

తంగేడును తమిళులు ఆవిరై అంటే, కన్నడిగులు తంగడితో పాటు ఆవరికె అనీ అంటారు. గుజరాతీలో ఇది ఆవళ్. సంస్కృత వైద్య నిఘంటువుల్లో ఆవర్తకి. పండితుడు ఆవర్తకిని చూడగానే 'ఆవర్తం', అంటే సుడి, తిరగడం అని విప్పడానికి పూనుకుంటాడు. ఈ పొదలో సుళ్లు తిరిగేది ఏదీ లేదు. ఆవిరై, ఆవరికె అన్న దేశిమాటకే సంస్కృతపు అంగీ తొడిగారని నా అభిప్రాయం. సింహళంలో దీన్ని రణవరా అంటారు. 'రన్' అంటే అక్కడ బంగారం. వెనక సగంలో నాకు ఆవరై వినిపిస్తుంది. మనకు దొరకని బంగారం వాళ్లకు దొరికిందన్నమాట. లంకలో ఈ ఆకును, పువ్వును ఎండబెట్టి తేనీరులా కాచుకుని తాగుతారు. మాతర ఊరి పేరు మీద దీనికి మాతర టీ అన్న పేరు కూడా పడింది.

సంస్కృతం పెట్టిన మరో పేరు మాత్రం స్వచ్ఛమైనది, నాకు చాలా ఇష్టమైనది: చర్మరంగ. తోలుకు రంగు ఇచ్చేది. రాజనిఘంటువులో ఆవర్తకి పర్యాయాల్లో రంగలత, చర్మరంగ రెండూ కనిపిస్తాయి. పువ్వును చూసి కాక పనిని చూసి పెట్టిన పేరిది.

ఈ రంగం వెనకాల ఉన్న ధాతువు 'రంజ్'. రంగెక్కడం, ఎర్రబడడం దాని అర్థం. రాగం, రంజనం, అనురాగం అన్నీ దాని సంతానమే. మనసుకు రంగు పట్టడం అనురాగం, ఆ రంగు వెలిసిపోవడం విరాగం. రజకుడు అన్న మాట కూడా ఇక్కడిదే. బట్ట ఉతికేవాడన్న అర్థం మనకు మిగిలింది గాని, ధాతువును బట్టి మొదట అతను బట్టకు రంగు వేసేవాడు. రంగు వేసే చేతికీ ఉతికే చేతికీ ఒకే రేవు, ఒకే కాగు. కాలక్రమాన రంగు జారిపోయి మురికి వదిలించడం మాత్రం పేరులో నిలిచింది. తంగేడు పువ్వు నూలుకు పసుపు చాయ ఇస్తుంది. చెక్క తోలుకు లేత గోధుమవన్నె ఇస్తుంది. చర్మరంగ అన్న పేరు ఆ రెండో పనికి పడింది.

తంగేడు చెక్కను కొమ్మల మీదనుంచే ఒలుస్తారు. పచ్చికొమ్మను కొట్టి తెచ్చి, రాయితోనో కర్రతోనో మెల్లగా దంచితే బెరడు పట్టీలుగా ఊడివస్తుంది. ఎండినాక దాన్ని మోపులు కడతారు. నాలుక మీద పెట్టుకుంటే నోరంతా పిడచకట్టే వగరు. ఎండు చెక్కలో నూటికి 15 నుంచి 20 పాళ్లు ఆ వగరు సారమే. మాదిగవాడల్లో తోళ్లు ఊరే తొట్టికి 'లంద' అని పేరు. పచ్చితోలును ముందు సున్నపునీళ్లలో నానబెట్టి, వెంట్రుక ఊడ్చి, లోపలి మాంసపు పొరను గీకి, కడిగి కడిగి, తర్వాత లందలో తంగేడు చెక్క నీళ్లలో వేస్తారు. మొదట పలచని నీళ్లు, తర్వాత చిక్కనివి. ఒక్కసారిగా చిక్కటి నీళ్లలో వేస్తే పైపొర బిగిసిపోయి లోపల పచ్చిగా ఉండిపోతుంది. ఇది బడిలో నేర్చిన రసాయనశాస్త్రం కాదు, తరతరాలుగా చేతులు నేర్చుకున్న శాస్త్రం.

ఇక్కడే ఇంకో చిక్కు ఉంది. తంగేడు తోలు వెలుతురు తగిలితే ఎర్రబారుతుంది. అందుకని చివర్లో కరక్కాయ నీళ్లలో ముంచుతారు. కరక్కాయ వగరు వేరే జాతిది, అది ఎర్రదనాన్ని అడ్డుకుని లేతపచ్చ మెరుపు ఇస్తుంది. ఆ తర్వాత నూనె పట్టిస్తారు. మద్రాసు రేవు నుంచి లండనుకు వెళ్లిన 'ఈస్టిండియా' తోళ్ల పేరు ప్రతిష్ఠల వెనకాల ఉన్నవి ఈ తంగేడు చెక్క, ఈ కరక్కాయే. ఆల్‌ఫ్రెడ్ చాటర్టన్ 1904లో మద్రాసు రాజధాని తోళ్ల పరిశ్రమ గురించి ఒక గ్రంథమే రాశాడు. తర్వాత దక్షిణాఫ్రికా నుంచి తుమ్మజాతికి చెందిన వాటిల్ చెక్క దిగుమతయింది, క్రోమియం లవణాలు వచ్చాయి. వారాలు పట్టే పని గంటల్లోకి వచ్చింది. గట్ల మీది తంగేడును కొట్టేవాళ్లు కరువయ్యారు.

ఇంతకీ మనం దీన్నంతటినీ ఏమంటున్నాం? తోలు 'పదును' చేయడం అంటున్నాం. నన్ను ఈ పొద దగ్గర ఎక్కువసేపు నిలబెట్టింది ఆ మాటే.

పదును, పాతరూపం పదను, ఎన్ని చోట్ల తిరుగుతుందో చూడండి. కత్తికి పదును పెడతాం. వాన పడ్డాక నేల పదునెక్కింది అంటాం, పదును ఆరకముందే విత్తనం పడాలని తొందరపడతాం. తోలు పదును చేస్తాం. కత్తి విషయంలో వాడి, నేల విషయంలో తడి, తోలు విషయంలో మెత్తదనం. వాడి, తడి, మెత్తదనం మూడూ ఒకే మాటలో ఎలా ఒదిగాయి? తమిళంలో దీని చుట్టం 'పదం'. అంటే సరిగ్గా ఉడికిన స్థితి, పక్వం. అన్నం పదానికి వచ్చిందంటారు వాళ్లు. సంస్కృతం నుంచి వచ్చిన పదానికీ దీనికీ సంబంధం లేదు. కన్నడంలో పకారం హకారమై 'హద' అయింది, అక్కడా సరైన పాకం, సరైన స్థితి అనే అర్థం. అదీ అసలు అర్థం. పదును అంటే వస్తువు తన పనికి సరిగ్గా తగిన స్థితికి రావడం. కత్తి పని కోయడం కనుక దాని పదును వాడి. నేల పని మొలిపించడం కనుక దాని పదును తడి. తోలు పని వంగినా విరక్కుండా, తడిసినా కుళ్లకుండా ఉండడం కనుక దాని పదును ఆ మెత్తదనం. ఒక్క మాట మూడు వృత్తులకు సరిపోయింది.

తంగేడు ఈ మూడు పదునుల్లోనూ చేయి పెట్టింది. తోలు సంగతి చెప్పాను. నేల సంగతి రైతులకు తెలుసు. నాట్లకు ముందు దమ్ములో తంగేడు రొట్ట వేసి తొక్కేవారు, అది కుళ్లి పచ్చిరొట్ట ఎరువయ్యేది. మూడోది ఉక్కు.

సేలం వైపు ఉక్కు చేసే పద్ధతిని పంతొమ్మిదో శతాబ్దంలో చూసిన తెల్లదొరలు రాసిపెట్టారు. చిన్న మట్టిమూసలో ఇనుపముక్కలు వేసి, వాటితో పాటు తంగేడు కట్టె ముక్కలు పెట్టి, పైన జిల్లేడు ఆకు కప్పి, మట్టితో మూతి మూసి, గంటల తరబడి కొలిమిలో కాల్చేవారు. మూసలో గాలి లేదు కనుక కట్టె బూడిద కాదు, బొగ్గవుతుంది. ఆ బొగ్గులోని కర్బనం ఇనుములోకి చేరి దాన్ని ఉక్కు చేస్తుంది. మన ఉక్కు మాటే ఇంగ్లీషులో 'వూట్జ్' అయిందని పండితులు ఎక్కువమంది ఒప్పుకున్నారు. 1795లో జార్జ్ పియర్సన్ ఆ పేరుతోనే లండను రాయల్ సొసైటీలో వ్యాసం చదివాడు. నిజామాబాదు వైపు కోనసముద్రం ఉక్కు కూడా అప్పట్లో పేరుమోసిందే, పర్షియా వర్తకులు దానికోసం వెతుక్కుంటూ వచ్చేవారు.

తంగేడు, జిల్లేడు జోడీని ఉక్కుమూసలో చూశాక సంగం సాహిత్యంలో చూస్తే ఒళ్లు పులకరిస్తుంది. ప్రేమ ఫలించని యువకుడు తాటిమట్టలతో గుర్రం కట్టించుకుని, దాని మీదెక్కి ఊరి వీధిలోకి వచ్చి అందరిముందూ తన మనసు చాటుకునే ఆచారం ఒకటి ఆ కవిత్వంలో కనిపిస్తుంది. దాన్ని 'మడలేఱుదల్' అంటారు. అప్పుడు అతను వేసుకునే దండల్లో ఆవిరై పువ్వులు, ఎరుక్కం అంటే జిల్లేడు పువ్వులు, తెల్లని పూళై పువ్వులు ఉంటాయి. కుఱుందొగైలో ఈ ఆవిరై దండ ఉంది, కలిత్తొగైలోనూ ఉంది. కపిలుడు కుఱింజిప్పాట్టులో గుక్క తిప్పుకోకుండా చెప్పిన పూల పట్టికలోనూ ఆవిరైకి చోటుంది. పరువు పోయినా సరే అనుకుని వీధిన పడ్డవాడికి గట్టు మీది పూలే దండ. మల్లెలూ సంపెంగలూ పెరట్లో ఉంటాయి, అడిగి కోసుకోవాలి. తంగేడును ఎవరినీ అడగక్కర్లేదు.

పూళై గురించి ఒక్క మాట. అది మన పిండికూర, కొండపిండి. తమిళ దేశంలో కొంగునాట భోగి రోజున వేపమండ, ఆవారం పువ్వు, ఈ తెల్లని పూళై కలిపి ఇంటి చూరుకు 'కాప్పు' కడతారు. పచ్చనిది తంగేడు, తెల్లనిది పూళై. ఇటు తెలంగాణలో బతుకమ్మకు పచ్చనిది తంగేడు, తెల్లనిది గునుగు. పిండికూర, గునుగు రెండూ తోటకూర కుటుంబం మొక్కలే. ఒక పండుగ మరో పండుగలోంచి వచ్చిందని నేననను. వానలు వెనకబట్టాక మెట్టనేల మీద పక్కపక్కన పూసే పూలను రెండు ఊళ్ల వాళ్లూ ఒకేలా జతచేశారని మాత్రం చెప్పగలను.

పేర్ల దగ్గరికి మళ్లీ వద్దాం. వృక్షశాస్త్రజ్ఞుడు లిన్నేయస్ 1753లో తంగేడుకు 'కాసియా ఆరిక్యులాటా' అని పేరు పెట్టాడు. ఆరిక్యులా అంటే చిన్న చెవి. పువ్వును చూస్తే ఈ పేరు అర్థం కాదు, ఆకును చూడాలి. ఆకుకాడ కొమ్మకు అతుక్కున్న చోట రెండు పక్కలా గుండ్రని చిట్టి ఆకులు చెవుల్లా నిక్కి ఉంటాయి. కాడ వెంబడి ఎనిమిది నుంచి పన్నెండు జతల చిట్టాకులు, జతకూ జతకూ మధ్య నిలబడ్డ ఒక చిన్న గ్రంథి. పువ్వుకు ఐదు రేకులు, నలిగిన పట్టు ముడతలు వాటికి. పది కేసరాల్లో మూడు గొడ్డువి. కాయ కాగితమంత పలచన, లోపల గింజలు బయటికి ఉబ్బుగా కనిపిస్తాయి.

సామర్లకోటలో ఏళ్ల తరబడి ఉండి మన మొక్కలను గీయించిన విలియం రాక్స్‌బరో దీన్ని కాసియా నుంచి తప్పించి 'సెన్నా'లో చేర్చాడు. ఆయన చనిపోయాక 1832లో అచ్చయిన ఫ్లోరా ఇండికాలో ఆ పేరుంది. తర్వాతివాళ్లు మళ్లీ కాసియా అన్నారు. 1982లో ఇర్విన్, బార్నబీ అనే ఇద్దరు ఆ గణాలను తిరిగి విడదీశాక ఇప్పుడు రాక్స్‌బరో మాటే నిలిచింది.

సెన్నా అరబ్బీ 'సనా'. విరేచనానికి ఇచ్చే ఆకు. మక్కా నుంచి వచ్చే మేలురకం 'సనా మక్కీ'. మన వైద్యుల నోట అదే సునాముఖి అయింది. ఉత్తరాదిన సోనాముఖి అయి బంగారు ముఖం కూడా తెచ్చుకుంది. మక్కా ముఖమైంది, సనా సోనా అయింది. ఒక తియ్యని పొరపాటు ఊరూరా నిలిచిపోయింది. ఈ సునాముఖికే మన వాళ్లు పెట్టిన అచ్చతెలుగు పేరు నేలతంగేడు. సెన్నా, తంగేడు ఒక్క గణమేనని శాస్త్రజ్ఞులు తర్జనభర్జనపడి తేల్చిన సంగతి నేలతంగేడు అన్న పేరులో ఉండనే ఉంది. ఆకునూ కాయనూ చూసి పోల్చుకున్న కళ్లు వాళ్లవి.

2014లో తెలంగాణ తంగేడును రాష్ట్ర పుష్పంగా ప్రకటించింది. జమ్మి చెట్టు, పాలపిట్ట, జింకలతో పాటు తంగేడు. ఆ ఎంపిక నాకెంతో నచ్చింది. తోటల్లో పెంచే పువ్వును కాదని ఎవరూ నీళ్లు పోయని పువ్వును ఎంచుకున్నారు. పెత్రమాస నాటి ఎంగిలిపూల నుంచి సద్దుల దాకా బతుకమ్మ పేర్చే చేతులకు ముందు కావలసింది ఇదే. సిబ్బిలో ఆకులు పరిచి, మొదటి వరసలో తంగేడు గుండ్రంగా పేరుస్తారు. గునుగు కొసలను ఎరుపు, నీలం, ఆకుపచ్చ రంగుల్లో ముంచుతారు. తంగేడును ఎవరూ రంగులో ముంచరు. అందరికీ రంగిచ్చేదానికి వేరే రంగెందుకు? వదినలు చంపిన ఆడబిడ్డ తంగేడు చెట్టై మొలిచిందన్న కథ కూడా ఆ పాటలతో పాటే తిరుగుతోంది. కథలో అన్న పువ్వు కోయబోతే చెట్టు మాట్లాడుతుంది.

పువ్వుకు ఇంత గౌరవం దక్కింది, సంతోషం. చెక్కకు మాత్రం దక్కలేదు. పువ్వు పట్టినవాళ్లకు పండుగలో చోటుంది. చెక్క దంచినవాళ్లను ఊరికి దూరంగా పెట్టాం, వాళ్ల లందను వెక్కిరింపు మాట చేశాం. వాళ్లు పదును చేసిన తోలుతో మోటబాన కట్టి పొలం తడిపాం, చెప్పు తొడిగి ముల్లు తప్పించుకున్నాం. నిఘంటువుల్లో లంద పక్కన ఒక్క ముక్క అర్థం, తంగేడు పక్కన 'ఒక చెట్టు' అని రెండు మాటలు. ఇది న్యాయం కాదు.

భద్రిరాజు కృష్ణమూర్తి గారు ఊరూరా రైతులను అడిగి సేకరించిన మాటలతో 1962లో మాండలిక వృత్తి పదకోశం వ్యవసాయ సంపుటం వచ్చింది. నాగలిలో ప్రతి చెక్కముక్కకూ ఏ జిల్లాలో ఏ పేరో దానిలో దొరుకుతుంది. తోలు పనికి సంబంధించిన మాటలను కూడా అంత ఓపికగా, అంత గౌరవంగా ఏరుకోవాలి. లంద పట్టిన చేతులున్న ముసలివాళ్లు ఇంకా కొన్ని వాడల్లో ఉన్నారు. వాళ్ల దగ్గర కూర్చుని అడగాలి. మొదటి పలచని తంగేడు నీళ్లకు ఏమనేవారు, చిక్కనివాటికి ఏమనేవారు? అయిపోయిన చెక్కపిప్పికి పేరేమిటి? తోలు అంచు కోసి, రంగు లోపలిదాకా ఎక్కిందో లేదో చూసేవారు కదా, నడుమ ఇంకా తెల్లగా పచ్చిగా మిగిలిపోయే ఆ గీతను ఏ మాటతో పిలిచేవారు?